అద్దకం వీధి ఓట్లు

బందరులో ఒక ఆడపిల్లల బడిలో ఇరవై తొమ్మిదేళ్ళు ఆయాగా పనిచేశాను. గదులు ఊడ్చాను, గంట కొట్టాను, చిన్నపిల్లల ముక్కులు తుడిచాను, వానల్లో చెయ్యి పట్టుకుని రోడ్డు దాటించాను. అన్నేళ్ళలో ఎన్నికల పనికి నన్ను పిలిచింది ఒక్కసారే. ఆ ఒక్కరోజు సంగతి మీలో కొత్తగా ఉద్యోగాల్లో చేరుతున్నవాళ్ళకి పనికొస్తుందేమోనని రాస్తున్నాను. మిగిలినవాళ్ళు ఊరికే చదువుకోండి.

దేశంలో రెండోసారి పెద్ద ఎన్నికలు వచ్చిన ఏడాది అది. ఇప్పుడు మీకు ఒకే కాగితం మీద అన్ని గుర్తులూ వేసి ఇస్తున్నారు, కావలసినదాని మీద ముద్ర వేస్తున్నారు. అప్పుడు అలా కాదు. నిలబడ్డ ఒక్కొక్కరికీ ఒక్కొక్క రేకు పెట్టె ఉండేది. పెట్టె మీద వాళ్ళ గుర్తు అంటించేవారు. తెర చాటుకి వెళ్ళి, మనకి నచ్చిన పెట్టెలో చీటీ వేసి రావాలి.

మా బూత్‌లో మూడు పెట్టెలు పెట్టారు. నిజానికి రెండే ఉండవలసింది. ఒకే పార్టీలో ఇద్దరు పెద్దమనుషులు టికెట్టు అడిగారు. ఒకాయనది గుడివాడ వైపు, ఇంకొకాయనది దివిసీమ. పార్టీవాళ్ళు గుడివాడలో మీటింగు పెట్టి, వచ్చినవాళ్ళచేత చేతులెత్తించి, గుడివాడ ఆయనకి ఇచ్చేశారు. "మావాళ్ళు పడవ దాటి వచ్చేసరికి చేతులు దించేశారు" అని దివిసీమ ఆయన అలిగి సొంతంగా నిలబడ్డాడు. అలా మూడో పెట్టె వచ్చింది. ఒకే పార్టీలో నిన్నటిదాకా కలిసి కాఫీ తాగినవాళ్ళు ఊరూరా ఒకరినొకరు అనుమానంగా చూసుకుంటున్న రోజులవి.

ఆడవాళ్ళ బూత్‌లలో వేలికి సిరా పెట్టడానికి ఆడమనిషే ఉండాలన్నారు. పరాయి మగవాడు చెయ్యి పట్టుకుంటే ఒక్క ఆడదీ ఓటుకి రాదని వాళ్ళకి తెలుసు. పేర్లు చదవడానికి బళ్ళలో పంతులమ్మల్ని వేశారు. సిరా పెట్టడానికి చదువు అక్కర్లేదు కాబట్టి మాలాంటి ఆయాలని తీసుకున్నారు.

తాలూకా ఆఫీసు వరండాలో కూర్చోబెట్టి ఒక ఆఫీసరు గారు పని నేర్పారు. అందరూ కాగితాల మీద రాసుకున్నారు. నాకు అప్పటికి రాయడం రాదు. అందుకని ఆయన చెప్పినవి నా వేళ్ళకి అప్పగించాను. చూపుడు వేలు: ముందు ఓటరు ఎడమచేతి వేలు చూడాలి, మరక ఉంటే తిప్పి పంపాలి. నడిమి వేలు: నూనె గానీ పసుపు గానీ ఉంటే గుడ్డతో తుడవాలి. ఉంగరం వేలు: గోరు మొదట్లో గీత గీసి, ఆరేదాకా చెయ్యి వదలకూడదు. చిటికెన వేలికి ఇచ్చిన మాట ఆయన చివర్లో నవ్వుతూ చెప్పారు.

"కొందరు గట్టిపిండాలుంటారమ్మా. ఒకచోట వేసేసి, నిమ్మకాయతో రుద్దుకుని ఇంకోచోటికి వస్తారు. అనుమానం వస్తే వేలు వాసన చూడండి."

వాసన చూడటమంటే నాకు భయం లేదు. మాది మంగినపూడి దగ్గర వేట మీద బతికే ఊరు. తట్టలో చేప పొద్దుటిదో నిన్నటిదో మూత తీయకుండా చెప్పగలను. చదువుకున్న అంతమంది మధ్య నాకూ ఒక విద్య ఉందనుకున్నాను.

పెడనకి దగ్గర్లో ఒక ఊరి బడిలో మాకు డ్యూటీ పడింది. మేము నలుగురం. మా మీద ప్రిసైడింగ్ ఆఫీసరు హైస్కూలు లెక్కల మేష్టారు. ఆయన రూల్సు పుస్తకం ఒళ్ళోంచి దించేవారు కాదు. ఏది అడిగినా వేలు తడి చేసుకుని పేజీలు తిప్పేవారు. తాలూకా ఆఫీసు గుమాస్తా గారు చీటీలు ఇచ్చేవారు. ఆయన నోరు ఊరుకునేది కాదు గానీ మనసు మంచిది. పేర్లు చూసేది మా బడి పంతులమ్మ గారే. ఆవిడ పక్కన సిరా సీసా పట్టుకుని నేను. ఎదురుగా బెంచీ మీద ఏజెంట్లు. అందులో దివిసీమ ఆయన తరఫున కూర్చున్న రైతు గారు పొద్దున్నుంచీ ప్రతి ఓటరునీ తన చేలో పడ్డ గేదెని చూసినట్టు చూస్తున్నారు.

ఎనిమిదింటికి మొదలైంది. గంట సేపు హాయిగా సాగింది. ఒక ముసలమ్మ, "ఎడం చెయ్యేగా, పెట్టుకో. అన్నం తినే చెయ్యి మాత్రం ఇవ్వను" అంది. ఇంకొకామె గీత చూసుకుని, "ఒక్క వేలికేనా? అయిదింటికీ పెట్టమ్మా, గోరింటాకు పెట్టుకున్నట్టుంటది" అంది. గుమాస్తా గారు, "అయిదు ఓట్లు వేస్తానంటే పెడుతుందిలే" అన్నారు.

అప్పుడు అద్దకం వీధి ఆడవాళ్ళు వచ్చారు. ఆ ఊళ్ళో ఒక వీధి వీధంతా బట్టల మీద అచ్చులతో రంగులు అద్దేవాళ్ళు. ఆరుగురో ఏడుగురో వరసగా, ఉతికిన చీరల్లో వచ్చారు. ముందు ఒక పెద్దావిడ. యాభై ఏళ్ళుంటాయి. అడక్కుండానే తన పేరు తనే గట్టిగా చెప్పింది. పంతులమ్మ గారు పుస్తకంలో వేలు పెట్టి "ఉంది" అన్నారు. పెద్దావిడ నాకు చెయ్యి చాపింది.

చెయ్యి శుభ్రంగా ఉంది. చూపుడు వేలి గోరు మొదట్లో మాత్రం నల్లటి గీత. నేను గీసే గీత ఎక్కడ ఉంటుందో అక్కడే. నాకు అనుమానం వచ్చింది. వేలు ముక్కు దగ్గర పెట్టుకున్నాను. ఘుమ్మని నిమ్మకాయ.

"మేష్టారూ, ఈవిడ వేలికి మరక ఉందండి. నిమ్మకాయ రుద్దిన వాసన వస్తంది" అన్నాను. ఆ మాట అంటున్నప్పుడు నాకు కలిగిన సంతోషం ఇప్పటికీ గుర్తుంది. అందుకే మీకు చెప్తున్నాను.

మేష్టారు లేచి వచ్చి తనూ వాసన చూశారు. "నిమ్మకాయే. బాగా పట్టావమ్మా" అన్నారు. పెద్దావిడతో, "మీరు వెళ్ళచ్చు. ఓటు లేదు" అన్నారు.

ఆవిడ చాపిన చెయ్యి వెనక్కి తీసుకుని, కొంగు కింద పెట్టుకుని, వెనుదిరిగి వెళ్ళిపోయింది. వరసలో ఉన్నవాళ్ళు కూడా ఆవిడ వెనకే కదిలారు. ఒక్క చిన్నది మాత్రం, ఆవిడ కోడలు, గబగబా నా బల్ల దగ్గరికొచ్చి రెండు చేతులూ నా మొహం ముందు పెట్టింది. పది గోళ్ళ మొదట్లోనూ అదే నలుపు.

"చూడు. పది ఓట్లేశాను. ఇంకా చాలకపోతే ఇవి కూడా చూడు" అని చీర అంచు కాస్త ఎత్తి పాదాలు చూపించింది. కాలి వేళ్ళకీ నలుపే. "కాళ్ళతో కూడా వేసొచ్చాను. కరక్కాయ నీళ్ళల్లో గుడ్డలు తొక్కే కాళ్ళకి ఇనప నల్లరంగు తగిల్తే పట్టేసి వదలదని తెలీదా మీకు? ఆఫీసర్ల ముందుకి నల్లచేతుల్తో ఏం వెళ్తామని మా అత్తమ్మ నిన్నంతా మాచేత నిమ్మచెక్కలు పెట్టి రుద్దించింది. గోళ్ళ సందుల్లోది ఏం చేసినా పోదు. శుభ్రంగా వచ్చినందుకా దొంగలన్నారు?"

మేష్టారు పుస్తకం తెరిచి, "మరక అంటే సిరా మరకేనా, ఏ మరకైనానా..." అని పేజీలు తిప్పడం మొదలెట్టారు. ఆయనకి ఆ పేజీ దొరికేలోపు ఆ అమ్మాయి మెట్లు దిగి వెళ్ళిపోయింది.

తర్వాత వచ్చినవాళ్ళకి సిరా పెడుతూనే ఉన్నాను. నా కళ్ళు మాత్రం గుమ్మం మీదే ఉన్నాయి. మధ్యాహ్నానికి జనం పలచబడ్డారు. పంతులమ్మ గారు ఓటర్ల పుస్తకం నా వైపు తిప్పి, "నీకు చదవడం రాదు గానీ ఇది చూడు" అన్నారు. అన్ని పేజీల్లోనూ పేర్ల పక్కన ఎర్ర టిక్కులున్నాయి. ఒక పేజీ మాత్రం తెల్లగా ఉంది. "అద్దకం వీధి ఇది. ఇరవై ముగ్గురు ఆడవాళ్ళు. ఒక్క ఓటూ పడలేదు."

నేను వెళ్ళి పిలుచుకొస్తానన్నాను. మేష్టారు మళ్ళీ పుస్తకం చూశారు. "సిరా పెట్టే మనిషి సీటు వదిలి వెళ్ళచ్చని ఇందులో లేదమ్మా" అన్నారు. కాస్త ఆగి, "వెళ్ళకూడదని కూడా లేదు. అరగంటలో రా" అన్నారు. నా కుర్చీలో పంతులమ్మ గారు కూర్చున్నారు.

దారిలో మా అమ్మ గుర్తొచ్చింది. బందరు బజార్లో చేపల తట్ట దించి, ఆ చేత్తోనే గుడ్డల కొట్లోకి వెళ్ళాలంటే ఆవిడ చింతపండు పెట్టి చేతులు తోముకునేది. అయినా కొట్లోవాళ్ళు ముక్కు పక్కకి తిప్పుకునేవాళ్ళు. ఆ ముక్కులంటే నాకు చిన్నప్పట్నుంచీ మంట. పొద్దున నా ముక్కు వాటిల్లో కలిసింది.

అద్దకం వీధిలో పని మామూలుగా సాగుతోంది. కాలవ గట్టు పొడుగునా గుడ్డలు ఆరేసి ఉన్నాయి. పెద్దావిడ ఇంటి ముందు రాగి కాగు కింద మంట పెట్టి, పొడుగాటి కర్రతో బట్టలు కలియబెడుతోంది. కోడలు పక్కన కట్టెలు ఎగదోస్తోంది. నన్ను చూసి చుట్టుపక్కల ఆడవాళ్ళు నలుగురైదుగురు చేరారు.

"ఏం పిల్లా, ఇంకా వాసన చూడాల్సిన వేళ్ళు మిగిలినయ్యా?" అంది పెద్దావిడ, కలియబెట్టడం ఆపకుండానే.

"తప్పయిపోయింది పెద్దమ్మా. నాకు తెలీలేదు."

"నీకు తెలీకపోతే నేను దొంగనైపోవాలా?"

"నేను దొంగ అనలేదు పెద్దమ్మా."

"నోటితో అన్లేదు. ముక్కుతో అన్నావు."

నేను తల దించుకున్నాను. ఆవిడే మళ్ళీ అంది: "పేర్లు రాసుకోడానికి వచ్చినప్పుడు ఫలానావాడి పెళ్ళాం అని రాసుకుంటామన్నారు. కుదరదు, ఎవరి పేరు వాళ్ళకి రాయండని వాళ్ళ పక్కన కూర్చుని వీధి వీధంతా రాయించాను. వద్దులే అత్తా, మనకెందుకులే అన్న వాళ్ళందరినీ ఒప్పించాను. ఇయ్యాల నన్నే పదిమందిలో తిప్పి పంపితే ఇంక వీళ్ళెవరు కదుల్తారు?"

ఆవిడ చూపు నా చేతి మీద పడింది.

"నీ వేలికి ఉందేం మరక? నువ్వేసేశావా?"

"లేదు పెద్దమ్మా. పని నేర్చుకునేటప్పుడు మా పంతులమ్మ గారు నా వేలి మీద గీసి చూశారు."

"మరి నీ ఓటు?"

"నా ఓటు బందర్లో ఉంది, నేను ఇక్కడున్నాను. డ్యూటీవాళ్ళు పోస్టులో పంపుకోవచ్చంట. ముందే కాగితం రాసుకోవాలంట. నాకు రాయడం రాదు."

కర్ర ఆగింది. "రాయడం రాదా? గవర్నమెంటు మనిషివి గదే!"

"అక్షరం ముక్క రాదు పెద్దమ్మా."

ఆవిడ నన్ను ఎగాదిగా చూసింది. "అదా సంగతి! అందుకే ముక్కుతో చదువుతున్నావు" అంది. చుట్టూ ఉన్నవాళ్ళు పకపకా నవ్వారు. కోడలు మాత్రం నవ్వలేదు. కట్టె ఒకటి విరిచి మంటలో పడేసింది.

పెద్దావిడ కర్ర కోడలికిచ్చి, చేతులు కొంగుకి తుడుచుకుంది. "నేనొక్కదాన్నే వస్తాను. పొద్దున ఏ మనుషుల ముందు పంపావో ఆ మనుషుల ముందే వేస్తాను. మళ్ళీ గానీ తిప్పి పంపారంటే ఈ వీధి ఆడది ఇయ్యాలే కాదు, ఇంకెప్పుడూ ఆ గడప తొక్కదు" అంది.

ఇద్దరం బడికి వచ్చాం. మమ్మల్ని గుమ్మంలో చూడగానే రైతు గారు బెంచీ మీంచి లేచారు. ఆ వీధి ఓట్లన్నీ టికెట్టు వచ్చిన గుడివాడ ఆయనవేనని రైతు గారి లెక్క.

"ఇదేం పద్ధతండీ మేష్టారూ? ఒకసారి తిప్పి పంపిన మనిషిని మళ్ళీ ఎట్టా రానిస్తారు? మధ్యలో ఏం రుద్దుకొచ్చిందో ఎవరికి తెలుసు?"

మేష్టారు పుస్తకం తిప్పారు. ఈసారి చాలాసేపు తిప్పారు. చివరికి, "సిరా పెట్టే మనిషి తను పొరపాటు పడ్డానని రాతపూర్వకంగా ఇస్తే, నేను దాన్ని కాగితాల్లో పెట్టి అనుమతిస్తాను" అన్నారు. రైతు గారు, "అయితే రాయించండి, చూద్దాం" అని కూర్చున్నారు.

గుమాస్తా గారు నా తరఫున కలం తీసుకున్నారు. గబగబా నాలుగు ముక్కలు రాసి, సిరా దిండు నా ముందుకు తోశారు. నేను బొటనవేలు దానికి అద్ది, కాగితం మీద పెట్టబోయాను.

"ఆగు పిల్లా" అంది పెద్దావిడ. "ఏం రాశారో ముందు చదివించుకో."

పంతులమ్మ గారు కాగితం తీసుకుని పైకి చదివారు: "సదరు ఓటరు ఉదయం అపరిశుభ్రమైన చేతితో వచ్చినందున వెనుకకు పంపడమైనది. ఇప్పుడు శుభ్రపరచుకొని వచ్చినందున అనుమతించవచ్చును."

"చేతులు తోముకోవడమేగా నేను చేసిన తప్పు!" అంది పెద్దావిడ. "ఇప్పుడు తోముకోలేదని రాశారా?"

గుమాస్తా గారు నా వైపు వంగి మెల్లిగా అన్నారు. "నీ కోసమే అట్టా రాశానే అమ్మాయ్. తప్పు నీదని రాస్తే మెమో ఇస్తారు. నీది టెంపరరీ ఉద్యోగం. ఆలోచించుకో."

ఆయన మాట నిజం. మా ఆయన వేటకెళ్ళి తిరిగి రాక మూడేళ్ళయింది. ఆయా పని దొరికి రెండేళ్ళు. నా కూతురు అదే బళ్ళో నాలుగో క్లాసు. ఆ బొటనవేలు గాల్లో పెట్టుకుని ఎంతసేపు ఉన్నానో నాకు తెలీదు. వేలి మీద సిరా ఆరిపోతోందని పంతులమ్మ గారు అన్నారు. ధైర్యంతో అన్నానని చెప్పను. ఆ పెద్దావిడ నా పక్కనే నిలబడి ఉంది, ఆవిడ వైపు చూడలేక అన్నాను.

"అది చింపేయండి బాబుగారూ. ఆవిడ చెయ్యి శుభ్రంగానే ఉంది, తప్పు నాది అని రాయండి."

గుమాస్తా గారు నిట్టూర్చి మళ్ళీ రాశారు. పంతులమ్మ గారు చదివారు. నేను వేలిముద్ర వేశాను. కాగితం మేష్టారి దగ్గరికి వెళ్ళింది. ఆయన సంతకం పెడతారనుకున్నాం. ఆయన కళ్ళజోడు సరిచేసుకుని దాని కింద తన చేత్తో ఇంకో వాక్యం రాసి, అందరికీ వినపడేలా చదివారు. "పై పొరపాటులో నాకును భాగము కలదు. నేనును వాసన చూచితిని."

గుమాస్తా గారు దగ్గు వచ్చినట్టు మొహం పక్కకి తిప్పుకున్నారు. రైతు గారు ఇంక కానివ్వండన్నట్టు చెయ్యి ఊపారు.

ఆ కాగితం ఊరికే పోలేదు. వేసవి సెలవుల తర్వాత నాకు ఒక మెమో వచ్చింది. పంతులమ్మ గారు చదివి వినిపించారు. ఉద్యోగం తీసెయ్యలేదు గానీ, పర్మినెంటు కావడానికి నాతో చేరినవాళ్ళకన్నా ఏడాదిన్నర ఎక్కువ పట్టింది. ఇకమీదట ఈమెను ఎన్నికల విధులకు నియమించరాదని కూడా అందులో ఉంది. చాలా ఏళ్ళకి, నలభై ఎనిమిదో ఏట, అదే పంతులమ్మ గారి దగ్గర ఒకటో తరగతి పలక మీద అక్షరాలు దిద్దాను. ఆ మధ్యాహ్నం ఆవిడ చదివి వినిపించకపోతే నేను దేనికి వేలిముద్ర వేసి ఉండేదాన్నో అన్న ఆలోచన అన్నేళ్ళూ నన్ను వదల్లేదు. నేర్చుకోవడానికి అంత ఆలస్యం ఎందుకైందంటే మాత్రం నా దగ్గర జవాబు లేదు. బద్ధకమే అయి ఉంటుంది.

ఇక ఆ రోజుకి వస్తాను. పెద్దావిడ మళ్ళీ చెయ్యి చాపింది. గోరు మొదట్లో ఉన్న నలుపు పక్కనే నా గీత గీశాను. ఆరేదాకా పట్టుకున్నాను. గుమాస్తా గారు లేచి నిలబడి చీటీ ఇచ్చారు. అంతకుముందు ఎవరికీ అలా లేచి ఇవ్వలేదు. ఆవిడ తెర చాటుకి వెళ్ళింది. బయటికి వచ్చి మా ఎవరివైపూ చూడకుండా వరండా మెట్ల మీద నిలబడి వీధి వైపు కేకేసింది.

"రండే! చేతులు కడుక్కోకుండా రండి!"

వాళ్ళు పని మధ్యలోంచి లేచి వచ్చారు. మోచేతుల దాకా నలుపు, ఎరుపు. కొందరి చేతుల నించి నీళ్ళు కారుతున్నాయి. ఒక్కొక్కరి చెయ్యీ తుడిచి, అంత రంగులో గీత కనపడే చోటు వెతికి పెట్టేసరికి నాకు చెమట పట్టింది. "ఇంత నలుపులో నీ నలుపెవరికి కనపడుద్ది?" అని ఒకామె అడిగితే, "నాకు కనపడుతుంది" అన్నారు మేష్టారు, చాలా సీరియస్‌గా.

అయిదింటికి తలుపు మూశాం. పంతులమ్మ గారు పేజీ లెక్కపెట్టారు. ఇరవై రెండు టిక్కులున్నాయి. కోడలు రాలేదు.

పెట్టెలకి సీలు వేసి బండిలోకి ఎక్కిస్తుంటే పెద్దావిడ గేటు దగ్గర కనిపించింది. వెళ్ళి అడిగాను.

"కాగు దగ్గర మనిషి లేక ఆగిపోయిందా పెద్దమ్మా? నేనెళ్ళి మళ్ళీ పిలవాల్సింది."

"కాగు దించేసి గంటయింది" అంది ఆవిడ. "దానికి రోషం ఎక్కువ. ఎంత చెప్పినా వినలేదు. మళ్ళీ ఓట్లకి వస్తదిలే, అప్పుడు నువ్వు లేకపోతే."

మళ్ళీ ఓట్లకి నేను లేను. ఆ అమ్మాయి వచ్చి వేసే ఉంటుంది.